తెల్లవారుజాము గొంతుక

కాలిఫోర్నియా రహదారుల మీద కారు నడిపే తెలుగువారికి ఇది పరిచితమైన విషయమే. రేడియోలో తమకు కావలసిన కేంద్రం కోసం వెదుకుతుండగా మధ్యలో ఎక్కడో అకార్డియన్ మోతో, ఇత్తడి బాకాల హోరో వినిపిస్తుంది. దాని వెనుకే గుక్క తిప్పుకోకుండా స్పానిష్‌లో మాట్లాడే ఒక వ్యాఖ్యాత. మనకు అర్థం కాదు కనుక చేయి ముందుకు కదులుతుంది. అలా మనం దాటిపోయే ఆ శబ్దానికి లాస్ ఏంజిలిస్ నగరంలో దాదాపు వందేళ్ళ చరిత్ర ఉన్నది. ఆ చరిత్రను కాస్త నిదానంగా చెప్పుకోవాలన్నదే ఈ టపా ఉద్దేశం.

ముందుగా పేరు సంగతి. ఈ కేంద్రాలు ప్రసారం చేసే సంగీతాన్ని అమెరికా రేడియో వ్యాపారంలో 'రీజనల్ మెక్సికన్' అంటారు. నిజానికి అది ఒక్క సంగీతం కాదు. హలీస్కో రాష్ట్రపు మరియాచి బృందాలు పాడే రాంచేరాలు, ఉత్తర సరిహద్దు ప్రాంతాలలో అకార్డియన్‌తో పాడే నోర్తేన్యో, సినలోవా రాష్ట్రపు ఇత్తడి వాద్యాల బాందా, ఇవన్నీ వేరువేరు సీమల సొత్తు. సరిహద్దుకు ఇవతల వలస కూలీల చెవిలో మాత్రమే అవన్నీ కలిసి ఒక కుటుంబమయ్యాయి. వీటన్నిటిలోనూ తరచుగా కనిపించే రూపం కొర్రీదో. జరిగిన సంఘటనను, వీరుడి కథనో దొంగ కథనో, తేదీతో ఊరి పేరుతో సహా పాటగా కట్టి చెప్పడం దాని లక్షణం. ప్రయోజనంలో మన బుర్రకథకు దూరపు చుట్టం అనుకోవచ్చు.

1920లలో లాస్ ఏంజిలిస్‌లో రేడియో కొత్త వ్యాపారం. కేంద్రాలన్నీ ఇంగ్లీషువారివే. పగలు, సాయంత్రం వేళల్లో ప్రకటనలకు మంచి ధర పలికేది. తెల్లవారుజామున మాత్రం వినేవాడు లేడని యజమానుల లెక్క. ఎవరికీ అక్కరలేని ఆ గంటలను స్పానిష్ కార్యక్రమాలు నడిపే దళారులకు చౌకగా అమ్మేవారు. అమ్మినవారు ఊహించని విషయం ఒకటుంది. నారింజ తోటలకూ, ఇటుక బట్టీలకూ, రైలు పట్టాల పనికీ వెళ్ళే మెక్సికన్ కూలీ లేచేది సరిగ్గా ఆ వేళకే. ఇంగ్లీషు నగరం నిద్రపోతున్న సమయం స్పానిష్ నగరానికి పొయ్యి వెలిగించే సమయం!

ఆ సమయాన్ని తనదిగా చేసుకున్నవాడు పేద్రో గొన్సాలెస్. 1895లో ఉత్తర మెక్సికోలోని చివావా రాష్ట్రంలో పుట్టాడు. విప్లవకాలంలో పాంచో విల్లా సేనలో టెలిగ్రాఫు ఆపరేటరుగా పనిచేశాడు. 1920లలో లాస్ ఏంజిలిస్‌కు చేరి, ఓడరేవులో బరువులు మోశాడు. దూరాన ఉన్నవారికి వార్త చేరవేయడం మొదటినుంచీ ఆయన వృత్తి అనుకుంటే, తంతి నుంచి రేడియోకు మారడంలో ఆశ్చర్యమేమీ లేదు. 1920ల చివర కె.ఎం.పి.సి. అనే కేంద్రంలో ఉదయం నాలుగు నుంచి ఆరు దాకా కార్యక్రమం మొదలుపెట్టాడు. సాంచెస్ సోదరులతో కలసి ఆయన కట్టిన పాటల బృందానికి పెట్టిన పేరు 'లోస్ మద్రుగదోరెస్'. వేకువనే లేచేవారు అని దాని అర్థం. పేరు పాడేవారిదే అయినా, నా దృష్టిలో అది వినేవారి పేరు కూడా.

పాటల మధ్య ఆయన మాట్లాడేవాడు. ఎక్కడ పని దొరుకుతుందో, ఊరిలో ఏం జరుగుతున్నదో చెప్పేవాడు. ఇంతలో 1929 ఆర్థిక సంక్షోభం వచ్చిపడింది. ఉద్యోగాలు పోయినచోట పరాయివాడి మీద కన్నుపడటం లోకరీతి కదా. మెక్సికన్లను 'స్వదేశానికి' పంపే ఉద్యమం మొదలైంది. 1931 ఫిబ్రవరి 26న లాస్ ఏంజిలిస్ నడిబొడ్డున, మెక్సికన్లు చేరి కబుర్లు చెప్పుకునే పాత కూడలిని అధికారులు చుట్టుముట్టి, సుమారు నాలుగువందల మందిని కదలకుండా నిలబెట్టి కాగితాలు అడిగారు. ఆ దశాబ్దంలో దేశం విడిచి వెళ్ళినవారి సంఖ్యపై అంచనాలు నాలుగు లక్షల దగ్గర మొదలై పది లక్షలు దాటుతాయి. వారిలో పుట్టుకతో అమెరికా పౌరులైన పిల్లలు చాలామంది. వారికి 'స్వదేశం' ఏదన్న ప్రశ్న రైలెక్కించినవారికి తోచినట్టు లేదు. కాలిఫోర్నియా రాష్ట్రం దీనికి చట్టపూర్వకంగా క్షమాపణ చెప్పినది 2005లో!

గొన్సాలెస్ ఆ తరిమివేతలను మైకు ముందు విమర్శించాడు. వేలాదిమంది వినే మనిషి, పైగా విల్లా సైన్యంలో పనిచేసినవాడు, అధికారుల భాషలో కాకుండా కూలీల భాషలో మాట్లాడేవాడు. 1934లో ఆయనను పదహారేళ్ళ బాలికపై అత్యాచారం చేశాడన్న నేరంపై అరెస్టు చేశారు. అప్పుడు జిల్లా ప్రాసిక్యూటరు బ్యూరన్ ఫిట్స్. నేరం ఒప్పుకుంటే జైలు తప్పుతుందని ఆశ చూపితే గొన్సాలెస్ నిరాకరించాడు. ఒకటి నుంచి యాభై ఏళ్ళ వరకు శిక్ష పడింది. శాన్ క్వెంటిన్ జైలుకు పంపారు. కొన్ని నెలలకు ఆ బాలిక తాను చెప్పినది అబద్ధమనీ, అధికారుల ఒత్తిడి వలన చెప్పాననీ ప్రకటించింది. అయినా న్యాయమూర్తి కేసును తిరిగి విచారించడానికి ఒప్పుకోలేదు. భార్య మరియా ఆయన విడుదల కోసం సంవత్సరాల తరబడి పోరాడింది. ఆయన ఆరేళ్ళు జైలులో గడిపాడు. 1940లో విడుదల చేసి, ఏ తరిమివేతలను ఆయన విమర్శించాడో అదే మార్గాన మెక్సికోకు పంపివేశారు.

ఇక్కడితో కథ ముగిసిందని అధికారులు అనుకుని ఉండవచ్చు. కాని రేడియో తరంగానికి సరిహద్దు తెలియదు. ఆయన సరిహద్దును ఆనుకుని ఉన్న తిహువానా పట్టణంలో స్థిరపడి, అక్కడి నుంచే మళ్ళీ ప్రసారం ప్రారంభించాడు! దక్షిణ కాలిఫోర్నియాలోని పాత శ్రోతలకు ఆ గొంతు తిరిగి వినిపించింది. 1970లలో అమెరికాకు తిరిగి వచ్చాడు. 1983లో ఆయనపై ఒక డాక్యుమెంటరీ, 1988లో 'బ్రేక్ ఆఫ్ డాన్' అనే చలనచిత్రం వచ్చాయి. బృందం పాడిన గ్రామఫోను రికార్డులు కొన్ని దక్కి, తరువాతి కాలంలో మళ్ళీ ప్రచురితమయ్యాయి. ఆ తెల్లవారుజాముల మాటలు మాత్రం గాలిలోకి వెళ్ళినవి వెళ్ళినట్టే పోయాయి. రేడియో చరిత్ర రాసేవారికి ఎక్కడైనా ఎదురయ్యే దుఃఖమే ఇది.

నడుమ దశాబ్దాలను త్వరగా దాటుదాం. ఒక్క టెక్సస్ సంగతి మాత్రం చెప్పుకోవాలి. 1946లో శాన్ ఆంటోనియోలో రౌల్ కోర్తెస్ అనే ఆయన కె.సి.ఓ.ఆర్. కేంద్రాన్ని స్థాపించాడు. అంతకుముందు ఆయన కూడా ఇతరుల కేంద్రంలో గంటలు కొనుక్కున్నవాడే. హిస్పానిక్ యజమాని చేతిలో ఉండి, పూర్తికాలం స్పానిష్‌లోనే ప్రసారం చేసిన మొదటి కేంద్రం అమెరికాలో అదే. అద్దె ఇంటి నుంచి సొంత ఇంటికి మారడానికి ఇన్నేళ్ళు పట్టింది.

తిరిగి లాస్ ఏంజిలిస్‌కు వద్దాం. 1980ల నాటికి అక్కడ స్పానిష్ కేంద్రాలు చాలానే ఉన్నాయి. అయితే వాటిలో పెద్దపీట సూటు వేసుకున్న గాయకులు పాడే మెత్తని ప్రేమగీతాలకు. పల్లెటూరి బాకాల సంగీతం ఎఫ్.ఎం.కు తగదని, కొనుగోలుశక్తి గలవారు దానిని వినరని వ్యాపారుల నమ్మకం. ఈ లోపల శ్రోతలు మారిపోయారు. హలీస్కో, మిచొవకాన్, సకతేకాస్ పల్లెల నుంచి లక్షలమంది వచ్చారు. 1986 నాటి చట్టం దేశం మొత్తం మీద సుమారు ఇరవైఏడు లక్షలమందికి చట్టబద్ధమైన నివాసం ఇచ్చింది. కాళ్ళకింద నేల కుదుటపడినవాడికి తన ఊరి పాట బిగ్గరగా పెట్టుకునే ధైర్యం వస్తుంది.

1992 ఆగస్టులో 97.9 మీద ఉన్న ఒక కేంద్రం తన పాత పద్ధతిని వదలి, కె.ఎల్.ఏ.ఎక్స్. పేరుతో బాందా, రాంచేరా పాటలు మొదలుపెట్టింది. శ్రోతలకు అది 'లా ఎకీస్'. వ్యాఖ్యాతలు రేడియో స్పానిష్‌ను పక్కనపెట్టి పల్లె యాసలో హాస్యాలాడారు. ఆ సంవత్సరం చివరి మూడు నెలలకు ఆర్బిట్రాన్ సంస్థ శ్రోతల లెక్కలు ప్రకటించగా, ఇంగ్లీషు కేంద్రాలతో సహా నగరమంతటిలోనూ మొదటి స్థానం కె.ఎల్.ఏ.ఎక్స్.దే! లెక్క తప్పి ఉంటుందన్నవారు కొందరు. లెక్క తప్పిన మాట నిజమే కావచ్చు, కాని తప్పినది అప్పుడు కాదు, అంతకుముందు అరవై ఏళ్ళుగా అని నా అభిప్రాయం. టోపీలు, బూట్లు ధరించి బాందా పాటలకు ఆడే 'కెబ్రాదీతా' నృత్యం ఉన్నత పాఠశాలలకు పాకింది. తల్లిదండ్రుల సంగీతమంటే సిగ్గుపడే వయసు పిల్లలు అదే సంగీతానికి బృందాలు కట్టి పోటీలు పడ్డారు.

దీనినంతా సంస్కృతీ సేవగా చిత్రించడం సరికాదు. అది వ్యాపారం. యజమానులకు కావలసింది ప్రకటనలు. కాకపోతే ఆ వ్యాపారంలో ఒక విచిత్రం జరిగింది. 1930లో చౌకగా అమ్ముడుపోయిన ఉదయపు గంటలే ఇప్పుడు అన్నిటికన్నా ఖరీదైనవయ్యాయి. పెద్దకేంద్రాలు ఉదయపు వ్యాఖ్యాతలను ఒకరి నుంచి ఒకరు ఎగరేసుకుపోవడం మొదలైంది.

1994 నవంబరులో కాలిఫోర్నియా ఓటర్లు 187వ ప్రతిపాదనను ఆమోదించారు. కాగితాలు లేనివారికి ప్రభుత్వ పాఠశాల, అత్యవసరం కాని వైద్యం వంటివి నిరాకరించే ప్రతిపాదన అది. తరువాత న్యాయస్థానాలు దానిని అడ్డుకున్నాయి. ఆ మరుసటి ఏడు, 1995లో, కాలిఫోర్నియాలోనే లోడై పట్టణంలో పేద్రో గొన్సాలెస్ తన తొంభైతొమ్మిదవ ఏట కన్నుమూశాడు. బాందా కేంద్రం నగరంలో మొదటిదైనప్పుడూ, 187 నెగ్గినప్పుడూ ఆయన బ్రతికే ఉన్నాడు.

2005 డిసెంబరులో అమెరికా ప్రతినిధుల సభ మరొక బిల్లును ఆమోదించింది. కాగితాలు లేకుండా దేశంలో ఉండటమే ఘోరనేరమవుతుందని అందులో ఉంది. నిరసన ఊరేగింపు తలపెట్టిన సంఘాలవారు ఉదయపు వ్యాఖ్యాతల తలుపు తట్టారు. 101.9 మీద 'పియోలిన్' అన్న ముద్దుపేరుతో ప్రసిద్ధుడైన ఎడ్వార్డో సోతేలో, కె.ఎల్.ఏ.ఎక్స్.లో 'ఎల్ కుకుయ్' రెనాన్ అల్మెందారెస్ కోయెయో అప్పటి పెద్ద తారలు. శ్రోతల కోసం రోజూ పోటీపడే ఈ కేంద్రాల వ్యాఖ్యాతలు ఒక్క మాట మీదికి వచ్చారు. సోతేలో స్వయంగా 1986లో కారు డిక్కీలో దాగి సరిహద్దు దాటిన మనిషి. తెల్ల చొక్కాలు వేసుకోండి, అమెరికా జెండాలు పట్టుకోండి, శాంతంగా నడవండి అని శ్రోతలకు చెప్పారు. 2006 మార్చి 25న లాస్ ఏంజిలిస్ వీధులలో నడిచినవారు పోలీసుల అంచనా ప్రకారమే ఐదు లక్షలు. ఇంగ్లీషు పత్రికలవారు ఈ జనమంతా ఎక్కడినుంచి వచ్చారని నివ్వెరపోయారట. వారి కారు రేడియోలో ఆ వార్త రోజూ ఉదయం మోగుతూనే ఉన్నది. చేయి ముందుకు కదిలిపోయింది, అంతే.

ఆ బిల్లు సెనేటులో నెగ్గలేదు. మరుసటి సంవత్సరం జూన్‌లో సోతేలో, వలసదారులకు పౌరసత్వ మార్గం కోరుతూ శ్రోతలు రాసిన పది లక్షల ఉత్తరాలను వాషింగ్టన్‌కు తీసుకువెళ్ళి అందజేశాడు. ఆ నెలాఖరులోనే సెనేటులో సంస్కరణ బిల్లు వీగిపోయింది. మర్నాడు కూడా లాస్ ఏంజిలిస్‌లో తెల్లవారకముందే, పనికి వెళ్ళేవారి వంటింళ్ళలో, పాత పికప్ ట్రక్కులలో, అకార్డియన్ మోగింది.