గోడలో కన్నం

రాత్రి పదకొండు దాటింది. హిందూపురం పక్కన తూముకుంట పారిశ్రామికవాడలో ఒక కొత్త షెడ్డు. ఎనిమిదిమంది హెల్పర్లు తాడు లాగుతుంటే కేబుల్ డ్రమ్ము కిర్రుకిర్రుమని తిరుగుతోంది. ఐదో కేబుల్ సగం దూరం పోయింది. అంతలో పైనుంచి టప్పుమని ఒక చప్పుడు. బోల్టొకటి సిమెంటు నేల మీద పడి, దొర్లుకుంటూ వచ్చి నా బూటుకు తగిలింది.

తలెత్తి చూశాం. పొద్దున గీత గీసినట్టున్న కేబుల్ ట్రే, తడిబట్టలు ఆరేసిన తీగలా వంగిపోయి ఉంది.

"లాగేది ఆపండప్పా! తాడు ఇడిచిపెట్టద్దండి, అట్లే పట్టుకోండి. కింద ఎవురూ నిలబడద్దు!" మేస్త్రి అరిచాడు.

ఎవరికీ దెబ్బ తగల్లేదు. నిచ్చెనలు వేసి, ట్రే కింద పైపులు నిలబెట్టి, ఎక్కించిన కేబుళ్లు ఒక్కొక్కటీ దించేసరికి తెల్లవారింది.

2019 ఎండాకాలం అది. పెనుకొండ మండలం ఎర్రమంచి దగ్గర 536 ఎకరాల్లో కియా కార్ల ఫ్యాక్టరీ లేచిన కాలం. ఆ ఏడాది ఆగస్టు 8న అక్కణ్నుంచి తొలి సెల్టోస్ బయటికొచ్చింది. వైరింగ్ పని తెలిసిన కుర్రాడు ఆ రోజుల్లో ఖాళీగా దొరికేవాడు కాదు. నేనొక చిన్న ఎలక్ట్రికల్ కాంట్రాక్టర్ దగ్గర సూపర్‌వైజర్ని. షెడ్డు ఎవరిదో, కాంట్రాక్టర్ ఎవరో రాయను. ఎందుకంటే తప్పులో నాకూ వాటా ఉంది. ట్రే దిగిన రోజు నేను పెనుకొండలో ఇంకో పని మీద ఉన్నాను. చలానా మీద సంతకం మర్నాడు పెట్టాను, సరుకు చూడకుండానే.

ట్రే కొన్నది యజమానే. మూడు వందల మిల్లీమీటర్ల వెడల్పు, చిల్లుల రేకు, పైన తళతళలాడే రంగు. కేబుళ్లకు లక్షలు పోసిన మనిషి, వాటిని మోసే రేకు దగ్గరకొచ్చేసరికి మీటరుకు ఎంతని బేరమాడాడు. ఆయన్నొక్కణ్నే అనడానికి లేదు. నేను చూసిన ప్రతి పనిలోనూ ట్రే కొనేది చివర్లోనే, డబ్బు అయిపోవచ్చినప్పుడే.

పొద్దున ఎనిమిదికి ఆయన వచ్చాడు. వంగిన ట్రేని చూశాడు. "మూడు మీటర్లకొక సపోర్టు చాలన్నారు కదా అంగట్లో?"

"అంగట్లో ఖాళీ ట్రే చూపించింటారు సార్," అన్నాడు మేస్త్రి. "ఖాళీ ట్రేకయితే చాలు."

"అయినా ఇనుము కదప్పా!"

"లేపాక్షి గుళ్లో స్తంభం నేలకు ఆనకుండా నిలబడిందని మనదీ నిలబడతాదా సార్? ఆ కట్టినోళ్లు లెక్క చూసుకోని కట్టినారు."

యజమాని నవ్వలేదు గానీ కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. సిమెంటు సంచి చింపి, దాని వెనక నేను లెక్క రాశాను. మేం ఎక్కిస్తున్నది మూడున్నర కోర్, 240 సైజు అల్యూమినియం ఆర్మర్డ్ కేబుల్. మీటరుకు దగ్గర దగ్గర ఐదు కిలోలు. అలాంటివి ఎనిమిది. అంటే మీటరుకు నలభై కిలోలు, రెండు సపోర్టుల నడుమ నూట ఇరవై. ఒక్కో కేబుల్ లావు అరవై మిల్లీమీటర్లు. ఎనిమిదింటిని పక్కపక్కన పరిస్తే నాలుగు వందల ఎనభై. మూడు వందల ట్రేలో అవెక్కడ పడతాయి? ఒకదాని మీద ఒకటి ఎక్కించాల్సిందే.

ఇక్కడే అందరూ పొరబడేది. సపోర్టుల మధ్య దూరం రెట్టింపు చేస్తే ట్రే వంగడమూ రెట్టింపవుతుందనుకుంటారు. కాదు, పదహారు రెట్లవుతుంది. ఐఈసీ 61537 అనే అంతర్జాతీయ ప్రమాణం ఒక హద్దు పెట్టింది: తయారీదారు చెప్పిన బరువు మోస్తున్నప్పుడు ట్రే వంగడం సపోర్టుల మధ్య దూరంలో నూరో వంతు దాటకూడదు. మా మూడు మీటర్లకు అది ముప్పై మిల్లీమీటర్లు. ఆ రాత్రి మా ట్రే బెత్తెడు వంగింది, అదీ ఐదో కేబుల్‌కే. పైగా రెండు ముక్కల్ని కలిపే పట్టీ సరిగ్గా సపోర్టుల నడిమధ్యన పడింది. నా బూటుకు తగిలిన బోల్టు ఆ అతుకుదే.

"ఒకదాని మీద ఒకటి ఎక్కితే ఏమవుతాదప్పా? అన్నీ కరెంటు తీగలే కదా," అన్నాడు యజమాని.

మాది ధర్మవరం. మా నాయన మగ్గం నేసేవాడు. పడుగులో ఒక పోగు ఇంకో పోగు మీదికెక్కితే ఆయన నేత ఆపేసేవాడు, చిక్కు విప్పిందాకా మాట్లాడేవాడు కాదు. అదే చెప్పాను. కేబుల్‌లో కరెంటు పారితే వేడి పుడుతుంది. ఆ వేడి గాలిలోకి పోవాలి. కుప్పగా పడిన కేబుళ్లలో అడుగున ఉన్నది లోలోపలే ఉడుకుతుంది. కంపెనీ కాగితం మీద రాసిన కరెంటు అది మోయలేదు. అంటే యజమాని కొన్న కేబుల్‌లో కొంత సామర్థ్యం ఊరికే పోయినట్టే.

ఆ మాట పనిచేసింది. డబ్బు పోతుందంటే వినని వ్యాపారి ఉండడు.

చివరికి ఆరు వందల వెడల్పు ల్యాడర్ ట్రే తెప్పించాం. నిచ్చెన లాంటిది: రెండు పక్కలా బలమైన పట్టీలు, మధ్యన మెట్లు. బరువైన పవర్ కేబుళ్లకు అదే సరి. పాత చిల్లుల ట్రేని పారెయ్యలేదు, కంట్రోల్ వైర్లకు వాడుకుని, పవర్ ట్రేకి అడుగు ఎడంగా నడిపాం. సపోర్టులు ఒకటిన్నర మీటర్లకొకటి. అతుకులన్నీ సపోర్టుకు దగ్గరగా. మలుపు దగ్గర ట్రేని మూలమట్టంగా కోసి అతికిద్దామన్నాడు ఒక కుర్రాడు. అరవై మిల్లీమీటర్ల కేబుల్‌ని వంచాలంటే దాని లావుకు సుమారు పన్నెండు రెట్ల వ్యాసార్థం కావాలి. అందుకే తయారుగా దొరికే మలుపు ముక్క కొన్నాం.

పూత దగ్గర యజమాని ఇంకోసారి మొండికేశాడు, ఖరీదైనది వద్దని. ఈసారి ఆయన పక్షమే నేనూ. "హాట్ డిప్ కొనండి" అని ప్రతివాడికీ చెప్పే సలహాదారులుంటారు. పొడిగా ఉండే షెడ్డు లోపలికి మామూలు జీఐ రేకు చాలు. ధర్మవరంలో పట్టు ఉడకబెట్టే, అద్దకం వేసే చోట అయితే సంగతి వేరు. సోడా, యాసిడ్, పగలంతా ఆవిరి. అలాంటి ఒక చోట పౌడర్ కోటింగ్ ట్రే రెండేళ్లకే పొలుసులు లేచి రాలడం నేను చూశాను. అక్కడ హాట్ డిప్, అంటే ట్రే తయారయ్యాక కరిగిన జింకులో ముంచి తీసిందే కావాలి, కోసిన ప్రతి అంచుకూ జింకు రంగు పూయాలి. చోటును బట్టి కొనాలి. అవసరం లేనిచోట ఖరీదైనది అంటగట్టడమూ ఒక రకం మోసమే.

ఎనిమిది రోజులకు పని ముగిసింది. శుక్రవారం పొద్దున కరెంటు ఇవ్వడానికి ముహూర్తం. గురువారం సాయంత్రం మేస్త్రి ప్యానెల్ రూమ్ గోడ దగ్గర ఆగిపోయాడు. ట్రే దూరడానికి గోడకు రెండడుగుల పైచిలుకు కన్నం కొట్టాం. కేబుళ్లు పోగా మిగిలిన సందులో ఎవరో హెల్పర్ గోనెసంచులు, థర్మోకోల్ ముక్కలు కూరాడు. మేస్త్రి వాటిని పీకి కింద పడేశాడు. గాలి అటునుంచి ఇటు ఏమాత్రం వస్తోందో చూద్దామని జేబులోంచి అగ్గిపెట్టె తీశాడు.

నేను చెయ్యి పట్టుకున్నాను. "అన్నా, ఈ పని చేసే అమెరికాలో ఒక అణువిద్యుత్ కేంద్రాన్ని కాలబెట్టుకున్నారు."

అందరూ చుట్టూ చేరారు. చెప్పాను. అలబామా రాష్ట్రం, బ్రౌన్స్ ఫెర్రీ. 1975 మార్చి 22. కేబుల్ ట్రేలు గోడ దాటే చోట గాలి కారుతోందేమో చూడాలి. పనివాళ్ల చేతిలో కొవ్వొత్తి ఉంది. సందు మూయడానికి వాడింది స్పాంజి లాంటి పాలీయురేథేన్ ఫోమ్. గాలి కొవ్వొత్తి మంటను లోపలికి లాక్కుంది, ఫోమ్ అంటుకుంది, మంట గోడ అవతలి ట్రేలను పట్టింది. రెండు రియాక్టర్లు నడుస్తున్న సమయం. కరెంటు తీగల మీద నీళ్లు కొట్టాలా వద్దా అని గంటల తరబడి తర్జనభర్జన. ఏడు గంటలకు పైగా కాలింది; పదహారు వందలకు పైగా కేబుళ్లు దెబ్బతిన్నాయి. ప్రాణనష్టం లేదు. చివరకు నీళ్లతోనే ఆరింది. ఆ తర్వాతే అణుకేంద్రాల అగ్నిభద్రత నిబంధనలను అమెరికా తిరగరాసింది.

మేస్త్రి అగ్గిపెట్టె జేబులో పెట్టుకున్నాడు. యజమాని గడియారం చూసుకున్నాడు. "అది అణుకేంద్రమప్పా. మనది షెడ్డు. రేపు పూజ అయిపోనీ, ఎల్లుండి మూసేద్దురు."

మేస్త్రిది కొత్తచెరువు దగ్గర పల్లె. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత మెల్లిగా అన్నాడు.

"సార్, 2013లో నాందేడ్ ఎక్స్‌ప్రెస్ కాలింది మా ఊరి దగ్గరే. డిసెంబరు 28, ఇంకా తెల్లారలేదు. ఏసీ బోగీ. మేం పరిగెత్తి పోతిమి. ఇరవై ఆరుమంది పోయినారు. ఎట్ల అంటుకొనె, ఎవురిది తప్పు, అది పెద్దోళ్లు చూసుకుంటారు. నేను చూసింది చెప్తాండా. మూసిన పెట్టెలో పొగ కమ్ముకుంటే మనిషికి వాకిలి యాడుందో తెలీదు. ఈ కన్నంలోనించి పొగ షెడ్డులోకి వచ్చిందంటే, ఆ మూల మిషన్ల కాడ ఉండే పిల్లోళ్లు యాడికి పోవల్ల?"

బెంగళూరు నుంచి నాందేడ్ పోయే ఆ రైలు హిందూపురం, పెనుకొండ దాటే వచ్చింది. ఆ షెడ్డులో నిలబడితే రైలు కూత వినిపిస్తుంది. కేబుల్ మీది పీవీసీ కాలితే వచ్చే పొగలో యాసిడ్ ఉంటుందనీ, అది ఊపిరితిత్తుల్ని కోసేస్తుందనీ నేను చెప్పబోయి మానుకున్నాను. అవసరం లేకపోయింది.

యజమాని పూజారికి ఫోన్ చేశాడు. శుక్రవారం పోయింది, ఆదివారం ముహూర్తం కుదిరింది. శుక్రవారం పొద్దున ఒక కుర్రాణ్ని బెంగళూరు పంపి రాక్‌వూల్, నిప్పుకు ఉబ్బి సందు మూసే సీలెంట్ తెప్పించాం. కేబుళ్ల మధ్య వేలు దూరే సందు కూడా వదలకుండా మేస్త్రి రాక్‌వూల్ కూరాడు, రెండు వైపులా సీలెంట్ పూశాడు. ఆరాక, గోడ మీద మార్కర్‌తో ఆ రోజు తేదీ వేశాడు.

2020 ఆగస్టు 20 రాత్రి శ్రీశైలం ఎడమగట్టు భూగర్భ విద్యుత్ కేంద్రంలో మంటలు లేచాయి. తొమ్మిదిమంది పోయారు. తొమ్మిది వందల మెగావాట్ల ఆ కేంద్రానికీ మా షెడ్డుకూ పోలిక లేదు. అయినా మర్నాడు యజమాని ఫోన్ చేశాడు. పలకరింపు కూడా లేకుండా, "ఆ గోడ బాగానే ఉంది కదప్పా?" అన్నాడు. ఉందన్నాను. వెళ్లి చూసి చెప్పిన మాట కాదది.

పెనుకొండ, హిందూపురం, ధర్మవరం శ్రీ సత్యసాయి జిల్లాలోకి వచ్చిన ఏడాది, అంటే 2022లో, కొత్త మిషన్‌కు లైను కావాలని పిలిస్తే మేస్త్రీ నేనూ వెళ్లాం. ల్యాడర్ ట్రే గీత గీసినట్టే ఉంది. గోడ దగ్గర మాత్రం సీలెంట్‌ని స్క్రూడ్రైవర్‌తో పొడిచి, సీసీ కెమెరాల వైర్లు రెండు దూర్చి ఉన్నాయి. చుట్టూ రెండు వేళ్లు దూరేంత సందు. ఎవరు చేశారంటే ఎవరికీ తెలీదు. కెమెరా వాళ్లు వచ్చారు, అరపూటలో పని చేసుకుని పోయారు.

మీ షాపులోనో, ఆస్పత్రిలోనో, అపార్ట్‌మెంట్‌లోనో నిన్నగాక మొన్న ఇంటర్నెట్ వైరు లాగించి ఉంటారు. అది ఏ గోడ దాటి వచ్చిందో ఒకసారి టార్చి వేసి చూడండి. అగ్గిపుల్ల వద్దు.

మేస్త్రి ఎవర్నీ తిట్టలేదు. సంచిలోంచి మిగిలిన రాక్‌వూల్ తీసి కూరాడు, సీలెంట్ పూశాడు, బిల్లులో రాయొద్దన్నాడు. ఆ గోడ మీద ఇప్పుడు రెండు తేదీలున్నాయి.