రెండు కుర్చీలు - మధ్యలో మేం

వెలిగండ్ల ఒకప్పుడు నెల్లూరు జిల్లా. గిద్దలూరు, మార్కాపురం కర్నూలు జిల్లా. 1970 ఫిబ్రవరి 2న ఒంగోలు జిల్లా ఏర్పడ్డాకే ఈ మెట్ట ప్రాంతమంతా ఒకే జిల్లా కిందికొచ్చింది. ఇక్కడ సాయిబులకీ, దూదేకులవాళ్ళకీ, రెడ్లకీ, యాదవులకీ, మాలమాదిగలకీ వాన ఒకేసారి మొహం చాటేస్తుంది. ఫ్లోరైడు నీళ్ళు కులమూ మతమూ చూసి ఎముకల్లో దిగవు. కరువు అందరిదీ అయినప్పుడు చట్టసభలో చోటు అందరిదీ ఎందుకు కాలేదు? గిద్దలూరు నాయకుడు పిడతల రంగారెడ్డి రాజకీయ జీవితం చూస్తే ఈ ప్రశ్నకు కొంత జవాబు దొరుకుతుంది.

కొత్త జిల్లా పుట్టేనాటికి రంగారెడ్డి శాసనమండలి ఛైర్మన్. మాడపాటి హనుమంతరావు, గొట్టిపాటి బ్రహ్మయ్యల తర్వాత 1968లో ఆయన ఆ కుర్చీలో కూర్చున్నారు. కమ్యూనిస్టు నాయకుడూ, ఉర్దూ కవీ అయిన మఖ్దూం మొహియుద్దీన్ 1969 ఆగస్టులో చనిపోయేదాకా ఆ సభలోనే ఉన్నారు. 1972 ఎన్నికల తర్వాత రంగారెడ్డి అసెంబ్లీ స్పీకరయ్యారు. ఆంధ్రప్రదేశ్‌లో రెండు సభలనూ నడిపించింది ఆయనొక్కరే.

స్పీకర్ కుర్చీలో సుఖమేమీ లేదు. జై ఆంధ్ర ఉద్యమం రాష్ట్రాన్ని అట్టుడికించింది. ఆ మంటల మధ్యే, 1972 డిసెంబరులో, ఒంగోలు జిల్లా ప్రకాశం జిల్లా అయింది. 1973 జనవరిలో పి.వి. నరసింహారావు ప్రభుత్వం పోయి రాష్ట్రపతి పాలన వచ్చింది. డిసెంబరులో జలగం వెంగళరావు ముఖ్యమంత్రి అయ్యేదాకా అసెంబ్లీ కదల్లేదు. 1974 వరకు రంగారెడ్డి స్పీకర్‌గా ఉన్నారు.

ఆయన సమర్థతను మేం శంకించటం లేదు. పెద్దల సభ నుంచి ఓట్ల సభలోకి ఆయన నడిచివెళ్ళిన దారి ఎలాంటిదని అడుగుతున్నాం. ఊళ్ళో పలుకుబడి, వెనక కులబలం, చేతికి అందే పార్టీ టిక్కెట్టు - ఇవన్నీ కలిస్తేనే ఆ దారి తెరుచుకుంటుంది. మాకు మొదటి సభ గడప దొరికింది. రెండోదాని తలుపు అంత తేలిగ్గా తెరుచుకోలేదు.

మండలి ఛైర్మన్ల జాబితా చూడండి. 1979లో సయ్యద్ ముకస్సిర్ షా. 2017లో నల్లమల అవతల నంద్యాలకు చెందిన ఎన్.ఎం.డి. ఫరూఖ్. 2019లో నరసాపురం నుంచి వచ్చిన ఎం.ఎ. షరీఫ్. ఇక స్పీకర్ల జాబితా చూడండి. అయ్యదేవర కాళేశ్వరరావు మొదలు నేటి దాకా ఒక్క ముస్లిం పేరూ లేదు. ఓట్లతో గెలిచివచ్చిన ఫరూఖ్ కూడా అసెంబ్లీలో డిప్యూటీ స్పీకర్ దగ్గరే ఆగిపోయారు.

ఇచ్చిన కుర్చీ ఎంత గట్టిదో కూడా చూశాం. ముకస్సిర్ షా ఛైర్మన్‌గా ఉండగానే 1985లో మండలి రద్దయింది. మళ్ళీ 2007లోగానీ రాలేదు. 2020 జనవరి 22న షరీఫ్ తన విచక్షణాధికారంతో మూడు రాజధానుల బిల్లులను సెలెక్ట్ కమిటీకి పంపారు. అయిదు రోజులకే మండలినే రద్దు చేయాలని అసెంబ్లీ తీర్మానించింది. 2021 నవంబరులో ఆ తీర్మానాన్ని వెనక్కి తీసుకునే నాటికి షరీఫ్ పదవీకాలం ముగిసిపోయింది. ఛైర్మన్ ముస్లిం కాబట్టే ఇలా జరిగిందని మేం అనం. రెండుసార్లూ పాలకపక్షానికి మండలిలో బలం లేకపోవటమే అసలు కారణం. కానీ మా వాళ్ళకు పెద్దపీట దొరికిన ఇల్లే మాటిమాటికీ కూల్చదగిన ఇల్లయింది. మేం చెప్పేది ఇదే.

ఎన్నికలొస్తే మసీదు ముందు నిలబడి సలాం చెప్పని నాయకుడుండడు. టిక్కెట్టు మాటెత్తితే మాత్రం "మీవాడికి ఎమ్మెల్సీ ఇస్తాంలే" అంటారు. ఎమ్మెల్సీని కాదనం. అయితే మండలిలో కూర్చున్నవాడిని గెలిపించేది వెలిగండ్ల బజారు కాదు. నీళ్ళేవని అతణ్ణి ఓటుతో నిలదీసే హక్కు ఆ బజారుకు లేదు. మా మనిషి అందరి ఓటుతో గెలవాలి, అందరికీ జవాబు చెప్పాలి. రంగారెడ్డికి దొరికిన ఆ రెండో తలుపు మాకూ తెరవమని అడుగుతున్నాం. ఇది దయ కోసం వేసుకున్న అర్జీ కాదు, వాటా లెక్క.