స్లాబు తాగిన నీళ్ళు

కొల్లేటి పల్లెల్లో ఇంటి సంగతి అడిగితే ముందు పైకప్పు చెబుతారు: తాటాకిల్లు, పెంకుటిల్లు, డాబా. తాటాకు కొన్నేళ్ళకోసారి మార్చాలి, పైగా నిప్పంటే భయం. పెంకు గాలివానకి లేచిపోతుంది. డాబా అయితే ఒకసారి వేస్తే చాలనుకుంటాం. బుడమేరు, తమ్మిలేరు పొంగిన రోజుల్లో పిల్లల్నీ, బియ్యం బస్తాల్నీ ఎక్కించుకునే చోటు కూడా అదే. అందుకే మనవాళ్ళ లెక్కలో స్లాబు నీటి మీద గెలుపు. దాని చరిత్ర చదివేకొద్దీ నాకు మాత్రం అది నీటితో చేసుకున్న ఒప్పందంలా కనిపిస్తోంది.

పాతకాలపు డాబాల్లో సిమెంటు లేదు. కలప దూలాల మీద ఇటుకలు నిలువుగా పేర్చి, సున్నంతో బిగించేవారు. దాన్నే మద్రాసు టెర్రస్ అన్నారు. సున్నాన్ని గానుగలో నూరి, బెల్లం నీళ్ళూ కరక్కాయ రసమూ కలిపేవారు. కోస్తాలో ఆ సున్నం చాలాచోట్ల గుల్లలు కాల్చి తీసిందే. నీళ్ళలో బతికిన గుల్లే ఇంటికి కప్పయింది. ఇంగ్లండులో జోసెఫ్ ఆస్ప్‌డిన్ 1824లో పోర్ట్‌లాండ్ సిమెంటుకి పేటెంటు తీసుకున్నాడు. 1904లో మద్రాసులో సిమెంటు తయారుచెయ్యబోయినప్పుడు కూడా ముడిసరుకు సముద్రపు గుల్లలే.

సిమెంటుకి ఇనుము తోడైన కథా నీళ్ళ దగ్గరే మొదలైంది. ఫ్రాన్సులో లాంబో అనే ఆయన 1848లో ఇనుప వల మీద సిమెంటు మెత్తి పడవ చేశాడు. మోనియే అనే తోటమాలి 1867లో మొక్కల తొట్లకి పేటెంటు తీసుకున్నాడు. మన స్లాబుకి తాతముత్తాతలు ఒక పడవా, ఒక కుండీ!

మన వైపు ఆంధ్రా సిమెంట్ కంపెనీ 1936లో పుట్టింది. అయితే సామాన్యుడి ఇంటిదాకా సిమెంటు రావడానికి చాలా కాలం పట్టింది. తాడేపల్లిగూడెంలో విమానాల రన్‌వే వేయించిన రెండో ప్రపంచయుద్ధమే సిమెంటుని సర్కారు అదుపులోకి తెచ్చింది. స్వతంత్రం వచ్చాక కూడా పర్మిట్ల కోసం ఆఫీసుల చుట్టూ తిరగడం తప్పలేదు. 1982లో ఆ పట్టు కొంత సడలింది, 1989లో పూర్తిగా పోయింది. ఆ తరవాతే చిన్న స్లాబు అందరి కోరికల్లోకీ వచ్చింది.

ఏలూరుకి దక్షిణంగా, కొల్లేటి దారిలో ఉన్న మా పెరట్లో ఈమధ్య అలాంటిదే ఒకటి వేయించాం. పదడుగులకి ఎనిమిది, మందం నాలుగంగుళాలు. అంటే 27 ఘనపుటడుగులు. ఒక పాలు సిమెంటుకి ఒకటిన్నర ఇసుక, మూడు కంకర చొప్పున ఆరు బస్తాలు పట్టింది. బస్తాకి 25 లీటర్ల నీళ్ళు చాలు. ఎక్కువ పోస్తే మాలు తేలిగ్గా సర్దుకుంటుంది గానీ బలం తగ్గుతుంది. మేస్త్రీ మా బోరు నీళ్ళు నాలిక మీద వేసుకుని ఉమ్మేశాడు. "ఉప్పండి. ఊసలు తినేస్తాయండి. కాలవ నీళ్ళు తెప్పించండి" అన్నాడు.

ఆ మాటలో శాస్త్రం ఉంది. సిమెంటులోని సున్నపు గుణం ఇనుము మీద సన్నని పొర కట్టి తుప్పు పట్టనివ్వదు. ఉప్పులోని క్లోరైడు ఆ పొరని చీలుస్తుంది. తుప్పు ఇనుము కంటే ఎక్కువ చోటు ఆక్రమిస్తుంది కాబట్టి లోపల్నించి నెట్టి పెచ్చులూడదీస్తుంది. ఐ.ఎస్. 456 నియమావళి ప్రకారం ఊసలున్న కాంక్రీటులో కలిపే నీళ్ళలో క్లోరైడు లీటరుకి 500 మిల్లీగ్రాములు మించకూడదు. కలిపాక క్యూరింగ్: మామూలు సిమెంటుకి కనీసం 7 రోజులు, బూడిద కలిసిన రకానికి 10. స్లాబు మీద ఇసుక సిమెంటుతో చిన్న గట్లు పోసి, నారుమడిలాగా నీళ్ళు నిలబెడతారు. వరి పండించే దేశానికి ఈ పని వేరే ఎవరూ నేర్పక్కర్లేదు.

ఇక్కడ మంచినీళ్ళకీ ఒక చరిత్ర ఉంది. ధవళేశ్వరం ఆనకట్ట 1852లో, బెజవాడ ఆనకట్ట 1855లో వచ్చాయి. వాటి కాలవల వల్లే గోదావరి నీళ్ళూ కృష్ణ నీళ్ళూ ఏలూరు దాకా వచ్చాయి. కొల్లేరు మిగులు నీటిని ఉప్పుటేరు సముద్రానికి మోసుకుపోతుంది. సరస్సులో నీళ్ళు తగ్గిన వేసవిలో అదే దారిన ఉప్పు పైకి ఎగదన్నుతుంది. 1999లో కొల్లేరు అభయారణ్యమైంది, 2002లో రాంసార్ జాబితాకెక్కింది, 2006లో చేపల చెరువుల గట్లు తెంచారు. ఆ వాదాలన్నిటిలో పక్షుల మాట విన్నాం, చేపల మాట, బతుకుతెరువు మాట కూడా విన్నాం. ఇళ్ళ మాట ఎవరూ ఎత్తినట్టు లేదు. కొల్లేట్లో తియ్యనీళ్ళు తగ్గితే ముందు కొంగకి తెలుస్తుంది, తరవాత రైతుకి. స్లాబుకి తెలిసేసరికి ఇరవై ముప్పై ఏళ్ళు పట్టొచ్చు. అప్పటికి ఆ కప్పు కింద పడుకునేది, దాన్ని వేయించినవాళ్ళ పిల్లలు.