బరువుతో తిరిగొచ్చే గుర్రం

1664 జనవరి 5, మంగళవారం. తెల్లారీ తెల్లారకముందే సూరత్‌లో గగ్గోలు పుట్టింది. దక్షిణాన 28 మైళ్ల దూరంలో, గణదేవి దగ్గర ఏదో సేన దిగిందట. మేం మొఘలులమే, అహ్మదాబాద్ సుబేదారుకు సాయంగా పోతున్నామని వాళ్లు దారిపొడుగునా చెప్పుకుంటూ వచ్చారు. ఆ మాట ఎక్కువసేపు నిలవలేదు. వచ్చినవాడు శివాజీ.

తపతి రేవుల్లో పడవల కోసం తొక్కిసలాట. పిల్లల్ని చంకనేసుకుని, చేతికందింది మూటగట్టుకుని జనం అవతలి ఒడ్డు పల్లెలకు పరుగుపెట్టారు. డబ్బున్నవాళ్లు కిల్లేదారు చేతులు తడిపి కోటలో చోటు సంపాదించుకున్నారు. ఊరిని కాపాడాల్సిన పాలకుడు ఇనాయత్ ఖాన్ కూడా అదే కోటలో దూరాడు. 500 మంది సైనికుల పేరు చెప్పి ఖజానా నుంచి జీతాలు తీసుకుంటున్న మనిషి అతను. ఆ సైనికులు ఉన్నది లెక్కల పుస్తకంలోనే. ఊరి చుట్టూ చెప్పుకోదగ్గ గోడ కూడా లేదు.

ఊరు మాత్రం అలాంటిలాంటి ఊరు కాదు. మొఘల్ సామ్రాజ్యానికి అదే పెద్ద రేవు. హజ్ యాత్రికుల ఓడలు కదిలేది ఇక్కడి నుంచే. ఒక్క సుంకాల మీదే ఏడాదికి 12 లక్షల రూపాయలు బాదుషాకు ముట్టేవి. వీర్జీ వోరా అనే ఒక్క వర్తకుడి ఆస్తే 80 లక్షలని చెప్పుకునేవారు. ఇవాళ కరీంనగర్, వరంగల్, నల్లగొండ జిల్లాల నుంచి వెళ్లిన మన నేత కార్మికులు లింబాయత్ గల్లీల్లో మరమగ్గాలు నడుపుతున్న సూరత్ ఇదే.

శివాజీకి అప్పుడు డబ్బు కావాలి. షాయిస్తా ఖాన్ మొఘల్ సేనతో పుణెలో తిష్ఠవేసి మూడేళ్లు దేశాన్ని పీల్చి పిప్పి చేశాడు. 1663 ఏప్రిల్లో ఖాన్ విడిది చేసిన లాల్ మహల్ మీద శివాజీ రాత్రి దాడి చేసి అతన్ని తరిమితే తరిమాడు గానీ, ఖాళీ అయిన బొక్కసం నిండలేదు. నింపగలిగే ఊరు ఎక్కడుందో తెలుసు. తన రాజధాని రాజగఢ్ నుంచి సూరత్‌కు గీత గీసి కొలిచినా 300 కిలోమీటర్లు దాటుతుంది. మధ్యలో సహ్యాద్రి కనుమలు, అడవులు, వాగులు. పోవడం ఒక ఎత్తు. దోచిన సొమ్ముతో మొఘలులకు చిక్కకుండా తిరిగి రావడం మరో ఎత్తు. అలాంటి ప్రయాణానికి ఎలాంటి గుర్రం కావాలి?

ఈ ప్రశ్న ఇప్పటి పిల్లలకు కొత్తేమీ కాదు. ఆర్క్: సర్వైవల్ ఇవాల్వ్డ్ అనే వీడియో గేమ్ 2015 జూన్‌లో వచ్చింది, 2018లో ఫోన్లలోకీ దిగింది. ఒంటి మీద సరైన గుడ్డ కూడా లేకుండా ఒక దీవి ఒడ్డున కళ్లు తెరుస్తాం. చుట్టూ డైనోసార్లు. మత్తు బాణాలతో ఒకదాన్ని పడగొట్టి, దానికిష్టమైన మేత పెట్టి మచ్చిక చేసుకుని, జీను కట్టి ఎక్కాలి. ఆట మొదలుపెట్టిన ప్రతివాడూ అడిగేది ఒకటే: అన్నిటికంటే జోరుగా పరిగెత్తేది ఏది? నిప్పుకోడి వాలకంలో ఉండే గాలిమైమస్ ముగ్గురిని ఎక్కించుకుని రివ్వున దూసుకుపోతుంది. కొట్లాట వస్తే మాత్రం నిలవలేదు. రాప్టర్ చురుకైనదే, నాలుగు మూటలు వేస్తే అడుగు పడదు. టెరనోడాన్ మీద గాల్లో ఎగిరిపోవచ్చు, కానీ దాని ఓపిక అయిపోయిందంటే ఎక్కడుంటే అక్కడే దిగాల్సిందే, కింద కోరలు నూరుకుంటూ ఏమున్నా సరే. గద్దను తలపించే ఆర్జెంటావిస్ దానికంటే నిదానం. కొండమీద తవ్విన లోహాన్ని ఇంటికి చేర్చేది మాత్రం అదే. 2017 మార్చిలో ఆట తయారుచేసినవాళ్లు ఎగిరే జంతువుల వేగాన్ని పెంచుకునే వీలు తీసేశారు. ఆటగాళ్లు గోలగోల చేశారు. ఆ తర్వాత ఎగిరే జంతువును పెంచేవాళ్లకు మిగిలింది ప్రధానంగా ఓపిక, మోత, ప్రాణబలం.

ఆట కదా అని తీసిపారేయడానికి నాకు మనసొప్పదు. అందులో ప్రతి జంతువుకూ వేగం, ఓపిక, మోయగల బరువు వేరువేరు అంకెలుగా కనిపిస్తాయి. బరువు హద్దు దాటితే ఎంత జోరైనదైనా ఈడ్చుకుంటూ నడుస్తుంది. దక్కన్ కొండల్లో శివాజీ వేసుకోవాల్సిన లెక్కా ఇదే, కాకపోతే అక్కడ ప్రాణం పోతే ఆట మళ్లీ మొదలవదు.

మొఘల్ గుర్రపుసాలల్లో ఈ లెక్క వేరు. అక్బరు కాలపు గ్రంథం ఐనీ అక్బరీ గుర్రాలను తరగతులుగా విడదీసింది. అన్నిటికంటే పైన అరబ్బీ, తర్వాత ఇరానీ, తుర్కీ జాతులు, కింద దేశవాళీ గుర్రాలు, అన్నిటికంటే అడుగున టట్టు. ఏడు మేలుజాతి గుర్రాలున్న అరబ్బు ఓడ ఒకటి కచ్ తీరంలో పగిలిందని, అక్కడి పేరుపడ్డ గుర్రాలు వాటి సంతతేనని ఆ గ్రంథమే ఒక కథ చెబుతుంది. సముద్రం మీద వచ్చిన గుర్రానికి ఉన్న మోజు అది. మన దగ్గరా అంతే. కృష్ణదేవరాయలు పోర్చుగీసువాళ్ల దగ్గర గుర్రాలు కొన్నాడు. ఏ గుర్రం మంచిదో ఎలా పోల్చుకోవాలో చెప్పడానికి మనుమంచి భట్టు తెలుగులో హయలక్షణవిలాసము అని ఒక కావ్యమే రాశాడు.

శివాజీ ఎక్కువగా నమ్ముకున్నది ఆ తరగతుల్లో కింద ఉన్న దేశవాళీని. భీమా లోయలో పెరిగిన పొట్టి గుర్రం. మైదానంలో పందెం కడితే అరబ్బీ ముందు నిలవదు. కానీ దొరికిన గడ్డి తింటుంది, రాళ్ల దారిలో కాలు తడబడదు, పొద్దంతా నడిచినా మర్నాడు లేస్తుంది. మరాఠా అశ్వదళం పాగాలో 25 మంది బార్గీర్లకు, అంటే రౌతులకు, ఒక హవల్దారు. ఆ 25 మందికీ నీళ్లు మోసే మనిషి ఒకడు, నాడాలు కొట్టే నాల్‌బంద్ ఒకడు తప్పనిసరి. నాకు ఈ చిన్న ఏర్పాటులోనే శివాజీ తెలివి అంతా కనిపిస్తుంది. ఒక్క నాడా ఊడితే గుర్రం కుంటుతుంది. శత్రువు దేశంలో కుంటిన గుర్రమంటే రౌతు దక్కనట్టే. మరాఠా దండులోకి ఆడవాళ్లను రానివ్వకూడదని కట్టుదిట్టమైన ఆజ్ఞ. మొఘల్ సేన కదిలితే ఒక పట్నమే కదిలినట్టుండేది: డేరాలు, బజారు, ఏనుగులు, పల్లకీలు. దాని వేగం దానిలోని మంచి గుర్రం వేగం కాదు, వెనకపడ్డ ఎద్దుబండి వేగం.

బుధవారం పగలు 11 గంటలకు ఆ గుర్రాలు సూరత్ పొలిమేర చేరాయి. బుర్హాన్‌పూర్ దర్వాజా బయట ఒక తోటలో శివాజీ డేరా వేశాడు. 4,000 రౌతులని చరిత్రకారుడు జదునాథ్ సర్కార్, 10,000 అని ఇంగ్లీషువాళ్లు. ఊరి పెద్ద వర్తకులు స్వయంగా వచ్చి బేరం కుదుర్చుకోవాలని ముందు రాత్రే కబురు పంపాడు. జవాబు రాలేదు. దోపిడీ మొదలైంది.

ఇంగ్లీషు వర్తక కోఠీ అధ్యక్షుడు సర్ జార్జ్ ఆక్సెండెన్ తనవాళ్లను వెంటబెట్టుకుని, డప్పులు, బాకాలు మోగిస్తూ వీధుల్లో కవాతు చేయించాడు. ఇంగ్లీషువాళ్లు 150 మంది, బంట్రోతులు 60 మంది. కోఠీ పక్కనే హాజీ సయ్యద్ బేగ్ భవనం. బుధవారం మధ్యాహ్నం నుంచి గురువారం పొద్దుటిదాకా మరాఠాలు ఆ తలుపులు, పెట్టెలు పగలగొడుతూనే ఉన్నారు. గిడ్డంగిలో పాదరసం పీపాలు కనిపించాయి. పగలగొట్టి నేలంతా పారబోసి వదిలేశారు. ఆ రోజుల్లో పాదరసం చవక సరుకు కాదు. కానీ ఇనుము కంటే బరువు, గుర్రం మీద కట్టలేం. కావాల్సింది బంగారం, వెండి, ముత్యాలు, రత్నాలు. వీర్జీ వోరా ఇంట్లో 28 సేర్ల పెద్ద ముత్యాలు దొరికాయని చెబుతారు.

నాలుగు రోజులూ ఊరు కాలింది. గురు, శుక్రవారాల్లో మంటల వెలుగుకు రాత్రి పగలైంది. గుర్రాలను ఎంత మెచ్చుకున్నా, కింద నలిగిన జనాన్ని మరవకూడదు. గురువారం ఇనాయత్ ఖాన్ రాయబారమని చెప్పి ఒక యువకుడిని పంపాడు. అతను శివాజీ మీదికి బాకుతో దూకాడు. అంగరక్షకుడు ఒక్క వేటుతో అతని చెయ్యి తెగ్గొట్టినా ఊపు ఆగక ఇద్దరూ కిందపడ్డారు. రక్తం చూసి శివాజీ పోయాడని కేక లేచింది, ఖైదీలందర్నీ నరకండని అరుపులు. శివాజీ లేచి ఊచకోతను ఆపాడు. ఆపినా, నలుగురి తలలు, 24 మంది చేతులు తెగాయి. బందీగా అక్కడే ఉన్న ఆంథొనీ స్మిత్ అనే ఇంగ్లీషువాడు కళ్లారా చూసి చెప్పిన సంగతి ఇది. పాదరీ ఆంబ్రోజ్ ఉన్న కాపుచిన్ మఠాన్ని, దానధర్మాలతో పేరున్న డచ్చి దలాలు ఒకరి ఇంటిని మాత్రం శివాజీ ముట్టనివ్వలేదని యాత్రికుడు బెర్నియర్ రాశాడు.

జనవరి 10, ఆదివారం. మొఘల్ సేన బయల్దేరిందని కబురందింది. పగలు 10 గంటలకు మరాఠాలు ఉన్నపళంగా కదిలారు.

ఇక్కడ కాస్త లెక్క వేద్దాం. కొల్లగొట్టింది కోటి రూపాయల పైమాటేనని సర్కార్ అంచనా. అప్పటి రూపాయి సుమారు పదకొండున్నర గ్రాముల వెండి. అంతా వెండి రూపాయలే అయితే కోటికి 115 టన్నులు. 4,000 గుర్రాలకు పంచితే ఒక్కోదానికి 29 కిలోలు, రౌతు, జీను, కత్తి కాక. అదంతా వేసుకుని మళ్లీ ఆ కనుమలే ఎక్కాలి. బంగారం, ముత్యాలు ఏరుకోవడం ఆశ ఒక్కటే కాదని ఈ లెక్క చూస్తే తెలుస్తుంది. రూపాయల సంచి కంటే ముత్యాల సంచి గుర్రానికి తేలిక, బొక్కసానికి బరువు.

మొఘల్ సేన సూరత్ చేరింది 17న. అప్పటికి వారం గడిచిపోయింది. అప్పుడు గానీ ఇనాయత్ ఖాన్ కోట దిగలేదు. జనం అతన్ని చూసి ఈలలు వేశారు, బురద విసిరారు. అతని కొడుకు ఒళ్లుమండి, ఏ పాపం తెలియని ఒక వ్యాపారిని కాల్చి చంపాడు. ఔరంగజేబు వర్తకులకు ఏడాదిపాటు సుంకాలు మాఫీ చేశాడు. ఊరి చుట్టూ ఇటుక గోడ కట్టమన్నాడు.

గోడ అడ్డం కాలేదు. 1670 అక్టోబర్ 3న శివాజీ 15,000 మందితో మళ్లీ వచ్చాడు. ఈసారి మొఘలులు లెక్కగట్టిన నష్టం 66 లక్షలు. కానీ ఈసారి తిరుగుదారి ఖాళీగా లేదు. మొఘల్ సేనాని దావూద్ ఖాన్ ఖురేషీ బుర్హాన్‌పూర్ నుంచి రాత్రుళ్లు నడిచి, నాసిక్ దగ్గర వణి-దిండోరి ప్రాంతంలో అడ్డగించాడు. ఆ సేనలో ఉన్న భీమ్‌సేన్ సక్సేనా అక్కడి పోరును తన చరిత్ర గ్రంథంలో రాసుకున్నాడు. శివాజీ దండును రెండుగా చీల్చాడు. మూటలు మోసే గుర్రాలను సగంమందితో నాసిక్ దారిన ముందుకు పంపేసి, మిగతావాళ్లను కనుమ దగ్గర నిలిపాడు. అక్టోబర్ 17 తెల్లవారుజామున తొందరపడి ముందుకు దూకిన మొఘల్ సరదారు ఇఖ్లాస్ ఖాన్ గాయపడి గుర్రం మీంచి కూలాడు. పోరు గంటల తరబడి సాగింది. ఆ తర్వాత నెలకు పైగా మొఘలులు ఆ వైపు కదల్లేకపోయారు. సూరత్ సొమ్ము అప్పటికే కొంకణం చేరింది.