గవర్నరు గారిచ్చిన ఎనిమిది రోజుల సెలవు

మా నోవైలో ఏ బ్యాంకుకి వెళ్ళినా కౌంటరు దగ్గర ఓ చిన్న పలక ఉంటుంది. మీ డిపాజిట్లకి ఎఫ్.డి.ఐ.సి. బీమా ఉంది అని దాని సారాంశం. మనవాళ్ళెవరూ దాన్ని చదవగా నేను చూడలేదు. జీతం పడిందా, రూపాయి రేటెంత, ఇంటికెంత పంపాలి, ఇవీ మన లెక్కలు. ఆ పలక పుట్టుక కథలో పెద్ద భాగం మాత్రం ఇక్కడికి ముప్ఫై మైళ్ళ లోపే, మన గ్రాండ్ రివర్ అవెన్యూ పట్టుకుని తూర్పుకి పోతే వచ్చే డెట్రాయిట్‌లో జరిగింది.

1933 ఫిబ్రవరి. కార్లు కొనేవాడు లేడు, ఫ్యాక్టరీలు మూతపడుతున్నాయి, ఇళ్ళ మీద ఇచ్చిన అప్పులు తిరిగి రావడం లేదు. యూనియన్ గార్డియన్ ట్రస్ట్ అనే సంస్థ మునిగే స్థితికి వచ్చింది. దాని మాతృసంస్థలో హెన్రీ ఫోర్డ్ కొడుకు ఎడ్సెల్‌కి పెద్ద వాటా. ఇలాంటి సంస్థలని ఆదుకోవడానికి ప్రభుత్వం 1932లో రీకన్‌స్ట్రక్షన్ ఫైనాన్స్ కార్పొరేషన్ పెట్టింది కానీ, సరిపడా తాకట్టు లేనిదే అప్పివ్వకూడదని చట్టం. ఇక్కడ తాకట్టు చాల్లేదు.

ఇక పెద్దమనుషుల పంచాయితీ మొదలైంది. చట్టానికి విరుద్ధంగా అప్పిస్తే ఊరుకోనన్నాడు మిషిగన్ సెనేటర్ జేమ్స్ కజెన్స్. ఈయన ఒకప్పుడు ఫోర్డ్‌కి భాగస్వామి. 1919లో తన వాటా దాదాపు 3 కోట్ల డాలర్లకి ఫోర్డ్‌కే అమ్ముకుని బయటికొచ్చాడు. ఇద్దరికీ పడేది కాదు. ఆ ట్రస్టులో ఫోర్డ్‌కి 75 లక్షల డాలర్లు ఉన్నాయి. మిగతా వాళ్ళకిచ్చాకే నా డబ్బు తీసుకుంటాను అని ఆయన ఒప్పుకుంటే గండం గడుస్తుందని అధ్యక్షుడు హూవర్ మనుషుల్ని పంపాడు. ఫోర్డ్ ససేమిరా అన్నాడు. పైగా ఇంకో పెద్ద బ్యాంకులో ఉన్న తన డబ్బు కూడా తీసేస్తానన్నాడు.

లింకన్ జయంతి ఆదివారం వచ్చింది కాబట్టి సోమవారం ఎలాగూ సెలవు. ఆ రోజంతా వాదోపవాదాలు నడిచాయి. అర్ధరాత్రి దాటాక, అంటే 14వ తేదీ తెల్లవారుజామున, గవర్నరు విలియం కామ్‌స్టాక్ మిషిగన్ బ్యాంకులన్నిటికీ ఎనిమిది రోజులు సెలవు ప్రకటించాడు. దాదాపు 550 బ్యాంకులు. పొద్దున్నే డబ్బుకి వెళ్ళిన వాళ్ళకి తాళాలు కనిపించాయి. ఆ ఏడాది డెట్రాయిట్ నగరం తన ఉద్యోగులకి డాలర్ల బదులు స్క్రిప్ అనే హామీ కాగితాలిచ్చింది. డెట్రాయిట్‌లోని రెండు పెద్ద బ్యాంకులు మళ్ళీ మామూలుగా తెరుచుకోనేలేదు. భయం పక్క రాష్ట్రాలకి పాకింది. మార్చి 6న కొత్త అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ దేశమంతటా బ్యాంకులు మూయించాల్సి వచ్చింది.

నాకు ఇందులో విడ్డూరంగా తోచేది ఒకటుంది. కజెన్స్ చెప్పింది చట్టప్రకారం సబబే. ఫోర్డ్ అడిగింది తన సొంత డబ్బే. ఇద్దరిలో ఎవరినీ దొంగ అనలేం. అయినా ఓ చీటీ కూడా సరిగా రాయలేని కూలివాడి పాతిక డాలర్లు వాళ్ళిద్దరి పంతాల మధ్య ఇరుక్కుపోయాయి. అదే ఏడాది జూన్ 16న సంతకమైన బ్యాంకింగ్ చట్టం ఆ పాతిక డాలర్లని పెద్దల దయ నించి తప్పించింది. 2,500 డాలర్ల దాకా బీమాని వెంటనే మొదలుపెట్టాలని సవరణ తెచ్చింది కూడా మిషిగన్ సెనేటరే, ఆర్థర్ వాండెన్‌బర్గ్. రూజ్‌వెల్ట్‌కి మొదట ఈ బీమా అంటే అంత ఇష్టం లేదు. ఇప్పుడు ఆ పరిమితి 2,50,000 డాలర్లు.

మన దేశానికి ఈ ఆలోచన 1960లో కేరళలోని పాలై సెంట్రల్ బ్యాంకు మునిగాక వచ్చింది. 1962 జనవరి 1 నించి 1,500 రూపాయల దాకా బీమా. 1993లో అది లక్ష అయింది. అక్కడే 27 ఏళ్ళు ఆగిపోయింది. ఈ లోపల 2001లో హైదరాబాదులో కృషి బ్యాంకు, ఆ మరుసటేడు చార్మినార్ బ్యాంకు కూలాయి. రెండూ సహకార బ్యాంకులే. సహకార బ్యాంకంటే ఇద్దరు అత్తల కోడలు: పాలకవర్గం సంగతి రాష్ట్ర రిజిస్ట్రారు చూడాలి, బ్యాంకింగ్ సంగతి రిజర్వు బ్యాంకు చూడాలి.

మా బాబాయి రిటైరైన మేష్టారు. గ్రాట్యుటీ అంతా ఓ పట్టణ సహకార బ్యాంకులో వేశాడు. ఎందుకు బాబాయ్ అంటే, "ఛైర్మన్ మనకి బాగా తెలిసినవాడేరా, పెద్దమనిషి" అన్నాడు. వడ్డీ ఒకటిన్నర శాతం ఎక్కువ కూడాను. బ్యాంకు మూతపడ్డాక లక్ష చేతికందడానికి మూడేళ్ళు పట్టింది. మిగతాది రానే లేదు. పిన్ని మోకాలి ఆపరేషన్ వాయిదా పడి పడి, చివరికి నేను ఇక్కణ్ణించి పంపిన డబ్బుతో అయింది. అలా పంపడం ఆయనకి నచ్చలేదు. ఫోన్లో చాన్నాళ్ళు ముక్తసరిగానే మాట్లాడాడు.

ఇక్కడ 2023 మార్చిలో కాలిఫోర్నియాలోని సిలికాన్ వ్యాలీ బ్యాంకు శుక్రవారం మూతపడితే, సోమవారానికల్లా డిపాజిట్‌దారులకి డబ్బు అందుబాటులో ఉంది. నా దృష్టిలో బీమా మొత్తం ఎంత అన్నదానికన్నా ఎన్ని రోజుల్లో ఇస్తారన్నదే ముఖ్యం. మన దగ్గర 2020లో పరిమితి 5 లక్షలైంది. అదే ఏడు సవరించిన చట్టం సహకార బ్యాంకుల పాలకవర్గాల మీద కూడా రిజర్వు బ్యాంకుకి పట్టు పెంచింది. రిజర్వు బ్యాంకు ఆంక్షలు పెట్టి డబ్బు తీయనివ్వకపోతే, బీమా సొమ్ము 90 రోజుల్లో చెల్లించాలన్న నియమం 2021లో వచ్చింది.