రాజులా, రోహ్నా: ఆగని రేవుల కథ

జంట ఓడల చరిత్ర అనగానే పుస్తకాలన్నీ అట్లాంటిక్ వైపే పరుగెడతాయి. 1907లో ప్రయాణాలు మొదలుపెట్టిన లూసిటానియా, మారిటానియా; తర్వాత ఒలింపిక్, టైటానిక్, బ్రిటానిక్. ఒకటి మంచుకొండను గుద్దుకుంది, ఒకటి టార్పెడోకు, ఇంకొకటి 1916లో మైన్‌కు బలయ్యాయి. సింగపూర్ దాకా వస్తే ఎంప్రెస్ ఆఫ్ ఏషియా పేరు వినిపిస్తుంది. 1942 ఫిబ్రవరి 5న సుల్తాన్ షోల్ దగ్గర జపాన్ విమానాలు తగలబెట్టిన ఓడ అది. దాని జంట ఎంప్రెస్ ఆఫ్ రష్యా. ఇదంతా తెలిసిన కథే. నా పేచీ అల్లా ఆ ఎంపికతోనే. మునిగిన ఓడకే చరిత్ర, కేబిన్‌లో పడుకున్నవాడే ప్రయాణికుడు అన్నట్టు రాసుకుంటూ పోతే, దాదాపు అర్ధ శతాబ్దం సింగపూర్ రేవుకు మన మనుషుల్ని చేరవేసిన ఓడకు చోటెక్కడ?

బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ 1926లో రెండు ఓడలు దించింది. గ్లాస్గోలో కట్టినది రాజులా, టైన్ నది ఒడ్డున కట్టినది రోహ్నా. మద్రాసు, నాగపట్నం, పెనాంగ్, పోర్ట్ స్వెటెన్‌హామ్, సింగపూర్ - ఇదీ వాటి దారి. టైటానిక్ 46 వేల టన్నుల ఓడ. అందులో సిబ్బందితో కలిపినా పట్టేది సుమారు మూడున్నర వేలమందే. రాజులా 8 వేల పైచిలుకు టన్నులదే. దాని డెక్ మీద మాత్రం 5 వేలమందికి పైగా ఎక్కించుకోవడానికి అనుమతి ఉండేది. చాప పరుచుకున్నంత మేరే సొంత చోటు. తలాపున ట్రంకుపెట్టె, కాళ్ల దగ్గర పక్కవాడి తల. సింగపూర్ చేరాక కూడా వెంటనే ఊళ్లోకి పోవడానికి లేదు. డెక్ ప్రయాణికుల్ని సెయింట్ జాన్స్ ద్వీపంలో క్వారంటైన్‌కు దించేవారు.

ఇవి కూలీ ఓడలన్న మాట తరచూ వింటాం. అందులో నిజం లేకపోలేదు. రబ్బరు ధర 1925లో ఆకాశాన్నంటింది. మరుసటి ఏడాది దక్షిణ భారతం నుంచి మలయాకు వెళ్లినవాళ్లు లక్షా డెబ్బై వేలు దాటారు. కానీ ఆ ఒక్క మాటతో సరిపెట్టుకుంటే తర్వాతి నలభై ఏళ్లు అర్థం కావు. ఆర్థిక మాంద్యం వచ్చిపడిన 1930-32 మధ్య వెళ్లినవాళ్ల కంటే తిరిగొచ్చినవాళ్లే ఎక్కువ. 1938లో భారత ప్రభుత్వం మలయాకు కూలీల పంపకాన్నే ఆపేసింది. కూలీల కోసమే నడిచే ఓడ అయితే రాజులా ఆ ఏడే మూలన పడాలి. పడలేదు. 1953లో మలయా వలస నిబంధనలు బిగించిన తర్వాత కూడా నడిచింది. టిక్కెట్టు కొనుక్కున్న కొట్టు గుమాస్తాలు, సెలవుకు ఇంటికొచ్చి వెళ్లే కార్మికులు, కాపురానికి వెళ్లే భార్యాపిల్లలు దాన్ని నిలబెట్టారు. వాళ్లంతా ఏ బలవంతమూ లేకుండా వెళ్లారని నేననను. టిక్కెట్టు డబ్బు అప్పు తెచ్చినవాడు స్వేచ్ఛగా ప్రయాణం చేశాడనగలమా?

నేను గట్టిగా పట్టుకునేది రేవుల సంగతి. ఆ దారిలో విశాఖపట్నం లేదు, కాకినాడ లేదు. తెలుగు జిల్లాల కూలీ రైలెక్కి మద్రాసు దగ్గరి ఆవడి డిపోకు చేరితేనే మలయా ఓడ దొరికేది. రంగం, అంటే రంగూన్, సంగతి వేరు. అదే కంపెనీ ఓడలు కాకినాడ, విశాఖల నుంచి నేరుగా రంగూన్ వెళ్లేవి. మేస్త్రి చెయ్యి పట్టుకుంటే చాలు, కోతల కాలానికి పోయి, మిల్లులో నాలుగు డబ్బులు చేసుకుని రావచ్చు. ఫలితం 1931 జనగణనలో కనిపిస్తుంది. బర్మాలో తెలుగువాళ్లు లక్షన్నరకు పైగా, మలయాలో ముప్పై వేల పైచిలుకు. ఈ తేడాను తెలుగువాడి స్వభావానికో, కూలీలను పోగుచేసే తమిళ కంగాణీల పట్టుకో అంటగట్టడం మామూలైపోయింది. కంగాణి తన ఊరివాళ్లనే పిలుచుకుపోయేవాడు, ఆ మాట కొట్టిపారెయ్యలేం. దూరం, రంగూన్ కూలి కూడా లెక్కలోకి రావాలి. కానీ ఓడ ఎక్కడ ఆగితే అక్కడి పల్లెలే కదులుతాయన్నది వీటన్నిటికీ ముందు చూడాల్సిన కారణం. మలయాలోని బగాన్ దాతో కొబ్బరి తోటల్లో తెలుగు ఊళ్లు నిలబడ్డాయి. సింగపూర్‌లో మాత్రం తెలుగువాళ్లు చెదురుమదురుగానే మిగిలారు.

రోహ్నా విషయంలో ఇంకో అన్యాయం జరిగింది. యుద్ధంలో సైనికుల్ని మోస్తూ 1943 నవంబరు 26న అల్జీరియా తీరాన జర్మన్ గైడెడ్ బాంబు దెబ్బకు అది మునిగింది. సుమారు రెండు వేలమంది అమెరికన్ సైనికుల్లో 1,015 మంది పోయారు. బతికి బయటపడ్డ సైనికులు కొందరు, భారతీయ సిబ్బంది తమను వదిలేసి పడవలెక్కారని చెప్పారు. ఆ ఆరోపణ తర్వాతి రాతల్లోకీ ఎక్కింది. ఆ చీకట్లో, ఆ మంటల్లో ఎవరో కొందరు అలా చేసే ఉండవచ్చు. అయితే 195 మంది సిబ్బందిలో సగానికి పైగా ప్రాణాలు కోల్పోయారు. సైనికులు ఎంత నిష్పత్తిలో చనిపోయారో, వీళ్లు అంతకు తక్కువ కాకుండా చనిపోయారు. తమను తాము కాపాడుకున్నవాళ్ల లెక్క ఇలా ఉండదు. అలబామాలో 1996లో సైనికులకు స్మారకం లేచింది. అది న్యాయమే. నావికులను తలచుకునేవాళ్లేరీ?

రాజులాను 1973లో షిప్పింగ్ కార్పొరేషన్ కొని రంగత్ అని పేరు మార్చింది. మరుసటి ఏడాది బొంబాయిలో తుక్కు చేశారు. ఆ దారిన నడిచిన చిదంబరం అనే ఓడ కూడా 1985 అగ్నిప్రమాదంతో తప్పుకుంది.

ఇప్పుడు విశాఖ నుంచి సింగపూర్‌కు నేరుగా విమానం ఉంది. ఈ తరం తెలుగువాళ్ల రాకకు చదువులు, కంప్యూటర్ ఉద్యోగాలే అసలు కారణం. విమానం వెనక వచ్చింది. సంఖ్య పెరగడం సంతోషమే. కానీ సింగపూర్ తెలుగువాళ్ల చరిత్రను 1975లో తెలుగు సమాజం పుట్టుకతో మొదలుపెట్టి, ఇంజనీర్ల రాకతో ముగించే ధోరణి నాకు మింగుడుపడదు. ఆవడి డిపో గేటు దాటి, రాజులా డెక్ మీద చాప పరుచుకుని వచ్చినవాళ్లను ముందుమాటలో ఒక్క వాక్యానికి కుదించడం పండితులకైనా, సంఘాలకైనా తగని పని.