లైలా అంటే రాత్రి

అమెరికా బళ్ళలో చదువుకునే మన లీలలకి ఒక చిక్కుంది. పేరుని ఎల్, ఐ, ఎల్, ఏ అని రాస్తే చాలామంది టీచర్లు "లైలా" అని పిలుస్తారు. ఇక్కడివాళ్ళ నోటికి ఆ 'ఐ' అక్షరం అలా తిరగడం అలవాటు. హాజరుపట్టీ చదివేలోగా మన లీల కాస్తా అరేబియా ఎడారికి వెళ్ళిపోతుంది. నిజానికి ఈ రెండు పేర్లకీ ఏ చుట్టరికమూ లేదు. లీల సంస్కృతం, ఆట అని అర్థం. లైలా అరబ్బీ, రాత్రి అని అర్థం.

అరబ్బీలో రాత్రిని "లైల్" అంటారు. దానికి అక్కచెల్లెలి వరసైన హీబ్రూలో రాత్రి అంటే అచ్చంగా "లైలా"యే. ఆడపిల్లకి రాత్రి పేరు పెట్టడమేమిటని మీరు అడగరనుకుంటాను. మన రజనులూ, యామినులూ, శర్వరులూ, విభావరులూ అందరూ రాత్రులే కదా! నల్లటి జుట్టునీ, చీకటి అందాన్నీ మెచ్చుకునే అలవాటు ఎడారివాళ్ళకీ ఉంది, మనకీ ఉంది.

ఈ పేరుకి రెక్కలొచ్చింది ఒక ప్రేమకథ వల్ల. ఏడో శతాబ్దంలో బనూ ఆమిర్ అనే అరబ్బు తెగలో ఖైస్ అనే కుర్రవాడు లైలాని ప్రేమించి, ఆమె పేరు మీద కవిత్వం చెప్పి, పిల్లనివ్వమన్నాక ఎడారి పట్టిపోయాడని కథ. జనం అతన్ని మజ్నూన్ అన్నారు, అంటే జిన్ను పట్టినవాడు. అతను నిజంగా ఉన్నాడా అన్నది పండితులకి అనుమానమే. కథలో లైలాకి మాట్లాడే అవకాశం తక్కువ. కానీ దాదాపు ఆ కాలంలోనే, అదే బనూ ఆమిర్ శాఖల్లో ఒకదానిలో లైలా అల్ అఖ్యలియ్యా అనే కవయిత్రి ఉండేది. తను ప్రేమించిన తౌబా చనిపోతే అతని మీద చెప్పిన శోకగీతాలతో పేరు తెచ్చుకుంది. నన్నడిగితే సినిమా తియ్యవలసింది ఈవిడ మీద!

1188లో గంజా పట్టణంలో (ఇప్పటి అజర్‌బైజాన్) నిజామీ ఆ ప్రేమకథని పారశీకంలో కావ్యం చేశాడు. తరవాత నూరేళ్ళకి ఢిల్లీలో అమీర్ ఖుస్రో తన పద్ధతిలో మళ్ళీ రాశాడు. తెలుగువాళ్ళలో ఎక్కువమందికి లైలా పరిచయమైంది మాత్రం 1949లో, భరణీ వారి "లైలా మజ్ను"తో. భానుమతి లైలా, అక్కినేని మజ్ను. 1987లో దాసరి "మజ్ను" తీస్తే అందులో అక్కినేని వారబ్బాయి నాగార్జున హీరో. హీరోయిన్ పేరేమిటో గుర్తుందా? రజని. అంటే మళ్ళీ రాత్రే!

ఇంతకీ అమెరికాకి ఈ పేరెలా వచ్చింది? అరబ్బులు ఓడలు దిగి తెచ్చారనుకుంటాం. వాళ్ళకంటే ముందు పుస్తకాలు తెచ్చాయి. 1813లో బైరన్ తన "ది జావుర్" కావ్యంలో నాయికకి లైలా అని పేరు పెట్టాడు. 1838లో బుల్వర్ లిటన్ ఏకంగా "లైలా" అనే నవలే రాశాడు. సోషల్ సెక్యూరిటీ వాళ్ళ పేర్ల లెక్కలు 1880లో పుట్టినవాళ్ళతో మొదలవుతాయి. ఆ మొదటి ఏడాది జాబితాలోనే ఈ పేరుంది. వాళ్ళంతా చర్చికి వెళ్ళే తెల్లవాళ్ళ పిల్లలే అయ్యుంటారు.

రెండో విడత పాటగా వచ్చింది. నిజామీ కథ చదివిన ఎరిక్ క్లాప్టన్, స్నేహితుడు జార్జి హారిసన్ భార్య పాటీ బాయిడ్ మీద మనసుపడి "లేలా" అని పాట కట్టాడు. 1970లో దాన్ని రికార్డు చేసింది మయామీలో. ఇక మూడో దారి నల్లవారి ఇళ్ళది. ఇస్లాం పుచ్చుకుని 1964లో పేరు మార్చుకున్న మహమ్మద్ అలీకి 1977లో పుట్టిన కూతురు లైలా. ఆవిడా బాక్సరే. 24 పోటీలు ఆడి ఒక్కటీ ఓడలేదు.

మా అమ్మాయి ఆఫీసులో లైలా అనే లెబనాన్ పిల్ల పనిచేసేది. 2001 సెప్టెంబరు తరవాత ఆమె తన గది తలుపు మీద పేరు తీసేసి "లీ" అని పెట్టుకుంది. ఆమెని ఎవరూ ఏమీ అనలేదట. అనేదాకా ఆగడమెందుకనుకుంది. ఆ రోజులు మీకు గుర్తుండే ఉంటాయి. సెప్టెంబరు 15న అరిజోనాలోని మేసాలో బల్బీర్ సింగ్ సోధీని తలపాగా చూసి కాల్చి చంపారు. ఆయన సిక్కు. చంపినవాడికి ఆ తేడా పట్టలేదు. మనవాళ్ళు కూడా కార్లకి జెండాలు కట్టుకుని, మేము ఫలానా కాదు అని చెప్పుకోవడం నేర్చుకున్నారు.

2003లో మాకు మనవరాలు పుడితే మా అమ్మాయి లైలా అని పేరు పెట్టింది. ఎందుకని నేనడగలేదు. బాపట్ల నుంచి మా చెల్లెలు ఫోను చేసి మరీ అడిగింది.

"సాయిబుల పేరు కదుటన్నయ్యా? నువ్వయినా చెప్పొద్దూ? రాత్రే కావలిస్తే రజని లేదూ, యామిని లేదూ?"

ఎయిర్‌పోర్టుల్లో పిల్లని ఆపరూ అని కూడా అడిగింది. ఆ భయం నాకూ లేకపోలేదు. మా అమ్మాయి మాత్రం, "లీ తలుపు మీదనుంచి తీసేసిన పేరు ఎక్కడో ఒకచోట ఉండాలి కదా నాన్నా" అంది. తమాషా ఏమిటంటే, అరబ్బు పేరంటేనే జనం బెదిరిన ఆ పదేళ్ళలోనే ఈ పేరు అమెరికాలో పైకి పైకి ఎగబాకింది. 2010 నాటికి "లేలా" ఆడపిల్లల పేర్లలో తొలి వందలో ఉంది.

ఆ 2010 మే 20నే లైలా తుఫాను బాపట్ల దగ్గర తీరం దాటింది. రెండు రోజుల తరవాత గాని మా చెల్లెలికి లైను దొరకలేదు. పెరట్లో రెండు కొబ్బరిచెట్లు పడిపోయాయట.

"మీ మనవరాలొచ్చి వెళ్ళిందన్నయ్యా," అంది. "ఆ పేరు పెట్టింది పాకిస్తాను వాళ్ళటగా!"

పెట్టింది వాళ్ళేనన్నాను. ఎనిమిది దేశాలు వంతుల వారీగా తుఫాన్లకి పేర్లిస్తాయనీ, మనమిచ్చిన వాటిలో అగ్ని, బిజిలీ ఉన్నాయనీ చెప్పాను.

"మన పేర్లూ ఏమంత చల్లగా లేవులే," అని, "ఏదీ, పిల్లకి ఓసారి ఫోనియ్యి," అంది.